చెప్పుల కింద మెలిక

ఘడియల కచేరీ వారి దినచర్య పుస్తకం. రాస్తున్నది పేరిందేవి, రెండో తరగతి మెలిక లేఖరి, ఏడువాకిళ్ళు ఊరు. జరిగింది జరిగినట్టు రాయాలని అట్ట మీద అచ్చు వేసి ఉంది. అలాగే రాస్తున్నాను, తరవాత నన్ననకూడదు.

మొదటి రోజు, గురువారం

పొద్దున్నే నలభై ఇళ్ళకు మెలికలు వేశాను. వకీలుగారింట్లో ఆదివారానికని సాగదీసిన మెలిక ఇంకా చెరగలేదు. ఊరంతటికీ గురువారం వచ్చినా ఆయనకింకా సోమవారమే నడుస్తోంది, గడ్డం మాత్రం గురువారం దాకా పెరిగింది. తడిగుడ్డతో తుడిచి కొత్తది వేశాను. ఇకమీదట ఆదివారానికి రెండు ఘడియలకు మించి ఇచ్చేది లేదని మొహమ్మీదే చెప్పాను. మూడో వీధి పెళ్ళివారు ముహూర్తం కాస్త సాగించమన్నారు. పెళ్ళికొడుకింకా దారిలో ఉన్నాట్ట.

మెలిక అంటే ఏమిటో తెలియనివాళ్ళు ఉండరు గాని, ఈ పుస్తకం ఎవరి చేతికి వెళ్తుందో చెప్పలేం కాబట్టి రాస్తున్నాను. ఘడియపిండితో, చెయ్యి ఎత్తకుండా, ఒకే గీతను తిప్పి తిప్పి మొదలైన చోటికే తెచ్చి కలిపే ముగ్గు అది. చివర చిన్న తోక ఉంటుంది. తోక కుడికి లాగితే గడప లోపల కాలం సాగుతుంది, ఎడమకి లాగితే కుంచించుకుపోతుంది. మెలిక గడప బయటే వెయ్యాలి. దాని మీద నిలబడి ఎవరూ మాట్లాడకూడదు. ఎందుకంటే మీద నిలబడి అన్న మాటను అది పట్టుకుంటుంది, పట్టుకుని అక్షరాలా చేయిస్తుంది. మా ఊళ్ళో మాటలు రాని పసిపిల్లలు కూడా మెలిక దాటి అడుగేస్తారు.

ఇళ్ళన్నీ చూసుకుని వచ్చి కాళ్ళు చాపుకునేసరికి భావనారాయణ బాబాయ్ వచ్చాడు. తొగరువాకలో ఉంటాడు. మా అమ్మ చెల్లెలు సుభద్ర పిన్ని భర్త. మెలికలు నేర్చుకున్న మూడేళ్ళూ నేను వాళ్ళింట్లోనే ఉన్నాను. మంచివాడు, ఒకరిని ఒక్క మాట అనడు, అననివ్వడు. ఒకటే బాధ. వస్తే కదలడు. సంచిలోంచి నాలుగు దోసకాయలు తీసి ఇచ్చాడు, ఈ ఏడు తమ పెరట్లో దోస విరగకాసిందన్నాడు. పిన్నెలా ఉందంటే బానే ఉందన్నాడు. కాఫీ తాగి, పన్ను పీకించుకున్న కథ చెప్పి, లేచి, చెప్పులేసుకుని, వెళ్ళొస్తానన్నాడు. మంచిది వెళ్ళి రండి బాబాయ్ అన్నాను.

వీధి మలుపు దాకా వెళ్ళాడు. అక్కడ గిర్రున తిరిగి, మళ్ళీ మా ఇంటికే వచ్చి, "పేరిందేవీ, ఉన్నావా అమ్మాయ్" అని పిలిచాడు. సంచిలోంచి నాలుగు దోసకాయలు తీశాడు. ఈ ఏడు దోస విరగకాసిందన్నాడు.

చీకటిపడే వేళకి ఎనిమిదిసార్లు వచ్చాడు. ముప్ఫై రెండు దోసకాయలు. మెలిక నేను సరిగ్గానే వేశానని ఇందుమూలంగా రాస్తున్నాను.

రెండో రోజు, శుక్రవారం

ఎండ ఉన్నంతసేపే మెలికకి ప్రాణం. పొద్దుగూకగానే బాబాయ్ మా అరుగు మీద పడుకుని నిద్రపోయాడు. ఎండ పడగానే లేచి, మలుపు దాకా వెళ్ళి, తిరిగి వచ్చి, ఉన్నావా అమ్మాయ్ అన్నాడు. ఆయనకిది ఇంకా నిన్నటి పొద్దే. రోజుకి పన్నెండుసార్లు తేలుతోంది. ఆయన సంచి ఎప్పటికప్పుడు నిండుతుంది, ఆయన ఆకలి ఎప్పటికప్పుడు కొత్తగా ఉంటుంది. నా కాఫీపొడి డబ్బాకి మాత్రం ఆ అదృష్టం లేదు.

మెలికల శాస్త్రం తీసి చూశాను. మాట పడని మెలిక తడిగుడ్డతో పోతుంది, మాట పడ్డది పోదు. మాట పడేసిన మనిషే మళ్ళీ అదే మెలిక మీద నిలబడి దానికి విరుగుడు మాట అనాలి. పదో రోజు పొద్దు వాలేలోగా అనకపోతే మెలిక రాయి అయిపోతుంది, ఇక ఎవరి తరమూ కాదు. పాతవీధిలో ఒకాయన స్నానాలగదిలోంచి "ఇదిగో, అయిపోయింది" అని అరవై ఏళ్ళుగా అంటూనే ఉన్నాడు. వాళ్ళావిడ చెంబు పట్టుకుని ఎదురుచూసి ఎదురుచూసి పోయింది. మా బాబాయ్ గతీ అంతే అవుతుంది. తొగరువాకలో పిన్ని ఆయన కోసం వాకిలి చూస్తూ ఉండిపోతుంది.

విరుగుడు పెద్ద కష్టమేమీ కాదనుకున్నాను. వెళ్ళొస్తాననే మాటలో "వెళ్ళడం" ఉంది, "రావడం" ఉంది. మెలిక రెండూ చేయిస్తోంది. రావడం తీసేసి, వెళ్తాను అని ఊరుకుంటే సరి. ఆయన చెప్పులేసుకుంటుంటే అదే చెప్పాను, బాబాయ్, ఈ ఒక్కసారికీ "వెళ్తాను" అనండి అని. ఆయన నన్ను ఎగాదిగా చూశాడు.

"తప్పమ్మా. గడప దిగుతూ అనే మాటేనా అది? శవం లేచినప్పుడు కూడా అనం. నీకు ఒంట్లో బాగుందా?" అన్నాడు. నా నుదురు పట్టుకు చూసి, వెళ్ళొస్తాను, కాస్త మిరియాల కషాయం తాగు అని చెప్పి వెళ్ళాడు. వచ్చాడు.

మూడో రోజు, శనివారం

మా ఆయన ఘడియల మిల్లులో పని చేస్తాడు. తెల్లరాయి విసిరి పిండి చేసే చోటు. ఒంటినిండా పిండితో ఇంటికొచ్చి, కాలం అంటుకుపోయి, భోజనానికి కూర్చున్నవాడు ముద్ద నోట్లో పెట్టుకోవడానికే అరఘడియ తీసుకుంటాడు. ఆయన సలహా ఏమిటంటే కాగితం మీద రాసిచ్చి చదివించమని. "వెళ్తాను" అని పెద్ద అక్షరాలతో రాసి, బాబాయ్ చెప్పుల దగ్గరికి రాగానే చేతిలో పెట్టాను. కళ్ళజోడు తేలేదన్నాడు. మా ఆయన కళ్ళజోడిచ్చాను. చదివి, "ఎవరో పాపం రాయడం మొదలుపెట్టి మధ్యలో ఆపేశారు" అని, నా కలం అడిగి తీసుకుని, పక్కన మిగతాది పూర్తిచేసి ఇచ్చాడు.

కోపం తెప్పిస్తే పోతాను పో అంటాడేమోనని ఉప్మాలో ఉప్పు వెయ్యలేదు. ఒంటికి ఇదే మంచిదని మారు వడ్డించుకున్నాడు. కాఫీలో చక్కెర మానేశాను. అదీ మంచిదేనన్నాడు. మా ఇంటికి ఎందుకొచ్చారని అడగబోయి నోరు నొక్కుకున్నాను. కోపంతో కూడా అనలేని మాటలు కొన్ని ఉంటాయి. చివరికి సాగనంపుతానని వెంట మలుపు దాకా నడిచాను. అక్కడ గిర్రున తిరిగి ఇంటికేసి నడుస్తుంటే ఆయన వెనకాల నేను పరిగెత్తాను. వీధిలో వాళ్ళందరూ గుడ్లప్పగించి చూశారు.

దోసకాయలు నూట ఇరవై ఎనిమిది. పక్కింటికి పది, ఎదురింటికి పది. మిగతావి ముక్కలు కోసి ఆవకాయ పెట్టాను.

నాలుగో రోజు, ఆదివారం

మిల్లు బండివాడితో మొన్న తొగరువాకకి కబురంపాం, బాబాయ్ కొన్నాళ్ళు ఇక్కడే ఉంటాడని. దానికి జవాబు వచ్చింది. పిన్ని వాళ్ళ పక్కింటి నాంచారమ్మ పంపింది. ఒక్కపూటకని చెప్పి అప్పగించి వెళ్ళారు, ఎన్నాళ్ళో తేల్చి చెప్పండి, ఆవిడ పొద్దస్తమానం వాకిట్లోనే నిలబడుతోంది అని. పిన్నిని ఒకరికి అప్పగించడమేమిటో నాకర్థం కాలేదు. ఊరంతా తిట్టుకునేంత గట్టి మనిషి ఆవిడ.

మధ్యాహ్నం కచేరీ నుంచి కూర్మయ్యగారు తనిఖీకి వచ్చారు. ఇంటి ముందు మెలిక చూపించాను, కుడితోకతో బంగారంలా ఉంది. ఆయన అది చూసి ఊరుకుంటే బాగుండేది. వంగి, గడప లోపల, చెప్పులు విడిచే మూల కూడా చూశారు. అక్కడ ఎడమతోక మెలిక కనబడింది.

సరే. జరిగింది జరిగినట్టు రాయాలి కదా, రాస్తున్నాను. గురువారం పొద్దున బాబాయ్ వీధి చివర కనబడగానే నా గుండె జారిపోయింది. ఆయన వస్తే ఐదు ఘడియలు. నా ఒళ్ళంతా పిండి, నడుం పట్టేసింది, ఇంకా వంట కాలేదు. గుప్పెడు పిండి తీసి చెప్పులు విడిచే చోట చిన్న ఎడమతోక మెలిక వేశాను. రెండు ఘడియలయ్యేసరికి మనిషికి ఐదైపోయినట్టు అనిపించి తనంతట తనే లేస్తాడు. నేనేమీ అనక్కర్లేదు, ఆయన నొచ్చుకోనక్కర్లేదు. ఇందులో తప్పేముందని అప్పుడనుకున్నాను. చెప్పులేసుకునేటప్పుడు మనిషి ఆ మూలే నిలబడతాడనీ, నిలబడి ఆ మాటే అంటాడనీ నాకు తట్టలేదు. పదిహేనేళ్ళ సర్వీసు నాది. తట్టలేదు.

కూర్మయ్యగారు తల అడ్డంగా ఊపి, పుస్తకంలో సంతకం చేసి, లేచి చెప్పుల దగ్గరికి వెళ్ళారు. అప్పుడు వచ్చింది చిక్కు. వెళ్ళొస్తాననడానికి నోరు తెరిచి, చటుక్కున మూసుకున్నారు. వెళ్తానని అనలేరు, మర్యాదగల మనిషి. ఏమీ అనకుండా పోలేరు, మరీ మర్యాదగల మనిషి. చెప్పుల మీద నిలబడి, గొంతు సవరించుకుని, మళ్ళీ సవరించుకుని, అలా ఉండిపోయారు. ఈలోగా బాబాయ్ వచ్చి ఆయనకీ నాలుగు దోసకాయలిచ్చాడు. చివరికి కూర్మయ్యగారు చెప్పులు చేత్తో పట్టుకుని, పెరటివైపు వెళ్ళి, పిట్టగోడ దూకి, అవతలి సందులోంచి అరిచారు. వెళ్ళొస్తానండీ అని.

ఆరో రోజు, మంగళవారం

నిన్న రాయలేదు. కాఫీపొడి అయిపోయింది, ఓపిక అంతకుముందే అయిపోయింది.

పన్ను కథ నాకు కంఠతా వచ్చేసింది. బాబాయ్ పన్ను పుచ్చింది. తొగరువాకలో పళ్ళు పీకే పరాంకుశం దగ్గరికి వెళ్ళాడు. పిన్ని బయట బల్ల మీద కూర్చుంది. పరాంకుశం పుచ్చిన పన్ను వదిలేసి పక్కనున్న మంచి పన్ను పీకి, చేతిలో పెట్టి, చూడండి ఎంత గట్టి పన్నో అన్నాడు. గట్టిదే మరి, మంచిది కదా. ఇక్కడ బాబాయ్ తొడ చరుచుకుని నవ్వుతాడు. మొదటి పదిసార్లు నాకు నవ్వు రాలేదు. ఇరవయ్యోసారి ఏడుపొచ్చింది. ఈ మధ్యన మళ్ళీ నవ్వొస్తోంది, నాకేదో అయిందనుకుంటున్నాను. ఆ తరవాత రెండో పన్ను కూడా పీకించుకుని, నోటినిండా దూదితో బయటికి వచ్చి, "బల్ల వైపు చూద్దును గదా" అంటాడు. సరిగ్గా అక్కడ ఎండకేసి చూస్తాడు. అరె, పొద్దెక్కిపోయిందే అని లేస్తాడు.

ఇవాళ ఆయన లేస్తున్నప్పుడు మొహం చూశాను. ఇన్నాళ్ళూ చెప్పులకేసే చూశాను గాని మొహం చూడలేదు. "అన్నట్టు అమ్మాయ్" అన్నాడు. ఆగాడు. ఏమీ లేదులే అన్నాడు. వెళ్ళొస్తానన్నాడు. మళ్ళీ వచ్చినప్పుడూ చూశాను. పన్నెండుసార్లూ అన్నట్టు అమ్మాయ్ అన్నాడు, పన్నెండుసార్లూ ఏమీ లేదులే అన్నాడు.

మా వైపు ఎవరైనా పనిమీద వస్తే ఆ పని వచ్చీ రాగానే చెప్పరు. కాఫీ అవ్వాలి, పంటలవ్వాలి, పళ్ళవ్వాలి, మూడుసార్లు ఇక బయల్దేరతాననాలి. అప్పుడు గుమ్మం దగ్గర, అన్నట్టు అని మొదలుపెట్టి అసలు సంగతి చెప్తారు. ఐదు ఘడియల చుట్టపుచూపులో ఐదో ఘడియ దాని కోసమే ఉంటుంది. దాన్ని నేను కోసేశాను.

ఏడో రోజు, బుధవారం

నేరుగా అడిగేశాను. బాబాయ్, ఏం పనిమీద వచ్చారు అని. ఆయన మొహం చిన్నబోయింది.

"పనుంటేనే రావాలా అమ్మా? చూసి నాలుగేళ్ళయింది కదా అని వచ్చా" అన్నాడు. కాఫీ కూడా పుచ్చుకోకుండా లేచాడు. ఆ రాక ఒక్క ఘడియలోనే ముగిసింది. నాలుగేళ్ళు. నిజమే, నేను తొగరువాక వెళ్ళి నాలుగేళ్ళు. ఏటా అనుకోవడమే, తీరిక దొరకలేదు. ఊరందరికీ గుప్పెళ్ళతో ఘడియలు పంచుతాను, నాకు మాత్రం తీరిక దొరకలేదు. ఆయన మళ్ళీ వచ్చేదాకా అరుగు మీద కూర్చుని ఏడ్చాను.

ఎనిమిదో రోజు, గురువారం

ఉపాయం తట్టింది. కాలం తక్కువైతే కథ తగ్గించాలి. ఇవాళ బాబాయ్ రాగానే కాఫీ ముందే పెట్టేశాను, వేయించిన శనగల కాఫీ అయినా బాగుందన్నాడు. దోసకాయలు నేనే సంచిలోంచి తీసుకున్నాను. ఆయన పన్ను అనేలోపే పన్ను కథ నేను అందుకున్నాను. పరాంకుశం దగ్గర్నుంచి దూది దాకా ఒక్క ముక్క వదలకుండా, తొడ చరుచుకోవడంతో సహా చెప్పాను. ఆయన నోరు తెరుచుకుని విన్నాడు. ఎవరు చెప్పారే నీకు అన్నాడు. ఎవరో చెప్పారులెండి, మీరు బల్ల వైపు చూశారట, తరవాతేమైంది అన్నాను. ఎండ ఇంకా గడప దాకా రాలేదు.

బాబాయ్ గ్లాసు కింద పెట్టాడు.

"బల్ల ఖాళీగా ఉంది. మూడు వీధులు వెతికాను. సంత దగ్గర నిలబడి ఉంది మీ పిన్ని. నన్ను చూసి నమస్కారం పెట్టి, ఏమండీ, భావనారాయణగారిల్లు ఎటో తెలుసా అని అడిగింది. నన్నే. నోట్లో దూది, మాట రాలేదు. చెయ్యి పట్టుకుని తీసుకొచ్చా. దారి పొడుగునా, మీరెవరో చాలా మంచివారండీ అంటూనే ఉంది."

ఆయన మెల్లగా మిగతాది చెప్పాడు. ఏడాదిగా ఇలాగే ఉందట. దోస గింజలు పెట్టిన సంగతి మర్చిపోయి మళ్ళీ పెట్టింది, మళ్ళీ మర్చిపోయి మూడోసారి పెట్టింది. అందుకే అంత విరగకాసింది. పొద్దున నిద్ర లేచాక రెండు ఘడియలు మాత్రం నికార్సుగా ఉంటుందట. ఆయన్ని పేరు పెట్టి తిడుతుంది, నా గురించి అడుగుతుంది, ముగ్గేస్తుంది. ఆ తరవాత మసకేస్తుంది.

"అన్నట్టు అమ్మాయ్, ఆ రెండు ఘడియలూ ఇంకాస్త సాగేలా మా గడప ముందు కుడితోక మెలిక ఒకటి వేస్తావేమోనని. నీ పనికి అడ్డమైతే వద్దులే" అన్నాడు.

ఆయన కాలాన్ని కొయ్యడానికి నేను మెలిక వేశాను. ఆయన వచ్చింది కాలం అడగడానికి. ఈ రెండు వాక్యాలూ రాసి కలం కింద పెట్టి, మళ్ళీ తీసుకున్నాను.

తప్పకుండా వస్తాను బాబాయ్, ఆదివారం తీరిక చేసుకుని వస్తానని చెప్పాను. మంచిదమ్మా, తీరిక చూసుకునే రా అని కళ్ళు తుడుచుకుని, వెళ్ళొస్తానన్నాడు. మలుపు దాకా వెళ్ళాడు. తిరిగి వచ్చి, పేరిందేవీ ఉన్నావా అమ్మాయ్ అన్నాడు. చెప్పిందేదీ గుర్తులేదు. ఆ కథంతా మళ్ళీ చెప్పించుకున్నాను. సాయంత్రందాకా ఎన్నిసార్లు చెప్పినా అక్కడే కళ్ళు తుడుచుకున్నాడు. నేనూ అంతే.

తొమ్మిదో రోజు, శుక్రవారం

నాంచారమ్మ మళ్ళీ కబురంపింది. పిన్ని నిన్న గేటు దాటి సంత దాకా వెళ్ళిందట. భావనారాయణగారిల్లు ఎక్కడని అందర్నీ అడుగుతోందట. తను ఎల్లకాలం కాయలేనని, రేపటితో తన వల్ల కాదని చెప్పింది.

ఇవాళ పన్నెండుసార్లు ఆదివారం వస్తానన్నాను. పన్నెండుసార్లూ ఆయన వెళ్ళొస్తానన్నాడు. కచేరీకి సెలవు చీటీ పంపాను. సెలవు మంజూరు కావడానికి మూడు రోజులు పడుతుందట. కాలం పంచే కచేరీలో కూడా మూడు రోజులే.

పదో రోజు, శనివారం

పొద్దు వాలితే మెలిక రాయి అవుతుంది. మా ఆయన మిల్లుకి వెళ్తూ, బాబాయ్ కాళ్ళకి దండం పెట్టి మరీ వెళ్ళాడు. ఇవాళ మొదటి మూడుసార్లూ బతిమాలాను, వెళ్తాను అనమని. ఆయన నా నుదురు పట్టుకు చూశాడు, మిరియాల కషాయం చెప్పాడు.

నాలుగోసారి వచ్చాడు. కథ చెప్పాను, తరవాత ఆయన చెప్పాడు. నీ పనికి అడ్డమైతే వద్దులే అన్నాడు. నా నోట్లోంచి అలవాటుగా ఆదివారం అన్న మాట రాబోయింది. ఇంకా నలభై ఇళ్ళలో పద్ధెనిమిది మిగిలున్నాయి. పెళ్ళివారి గుమ్మం ఉంది, బళ్ళో పరీక్ష ఉంది, వకీలుగారి గడ్డం ఉంది. అవన్నీ అలాగే ఉండనీ అనుకున్నాను. ఘడియపిండి డబ్బా సంచిలో పెట్టుకున్నాను. పొయ్యి ఆర్పాను.

"లేవండి బాబాయ్. నేనిప్పుడే వస్తున్నాను" అన్నాను.

ఇప్పుడేనా, వంటా అదీ అన్నాడు. వంటొద్దు, పిన్ని దగ్గరే తింటానన్నాను. ఆయన మొహం అలా వెలగడం ఈ పది రోజుల్లో చూడలేదు. గబగబా లేచి చెప్పుల మూలకి వెళ్ళాడు. నేనూ వెళ్ళి పక్కన నిలబడి నా చెప్పులేసుకున్నాను. ఇద్దరం ఎడమతోక మెలిక మీదే ఉన్నాం. మళ్ళీ ఆ మాట అంటాడేమోనని ఆయన నోటికేసే చూశాను. ఆయన అలవాటుగా ఇంట్లోకి తిరిగి నోరు తెరిచాడు. ఇంట్లో ఎవరూ లేరు. చెప్పడానికి మనిషే లేదు. నా వైపు తిరిగాడు.

"పద అమ్మాయ్, వెళ్దాం" అన్నాడు.

కాళ్ళ కింద ఏదో పటుక్కుమంది. వంగి చూస్తే మెలిక నిలువునా చీలి, ఉత్త పిండి అయి ఉంది. పది రోజులు శాస్త్రాలన్నీ తిరగేశాను, ఉప్పు మానేశాను, కాగితాలు రాశాను. విరుగుడు మాట ఇంతా చేసి ఇది. అందులో రావడం లేదు, అపశకునమూ లేదు. ఒక్కడుగా అనలేని మాట ఇద్దరయ్యేసరికి అనాయాసంగా వచ్చేసింది. మలుపు దగ్గర ఆయన గిర్రున తిరుగుతాడేమోనని చెయ్యి గట్టిగా పట్టుకున్నాను. తిరగలేదు. ఎందుకే అంత గట్టిగా పట్టుకున్నావ్ అన్నాడు.

మలుపు దాటగానే ఆయనకి ఒక్కసారిగా పది రోజుల ఆకలీ వేసింది. తొగరువాక వెళ్ళే బండి ఎక్కేదాకా పదకొండు అరటిపళ్ళు తిన్నాడు.

పదకొండో రోజు, ఆదివారం. తొగరువాక నుంచి తిరిగొస్తూ రాస్తున్నాను

నిన్న చేరేసరికి మధ్యాహ్నం దాటింది. పిన్ని వాకిట్లో సంచి పట్టుకుని నిలబడి ఉంది. బాబాయ్‌ని చూసి, మీరెవరో చాలా ఆలస్యంగా వచ్చారండీ అంది. నాంచారమ్మ మా ఇద్దర్నీ కడిగేసింది. పడ్డాం.

ఇవాళ పిన్ని లేవకముందే గడప బయట కుడితోక మెలిక వేశాను, తోక చివర పిండి అయిపోయేదాకా లాగాను. పిన్ని లేచి వచ్చి, నడుం మీద చేతులు పెట్టుకుని దాన్ని చూసింది.

"తోక వంకరపోయిందే పేరీ. మూడేళ్ళు తిని నేర్చుకున్నది ఇదేనా?" అంది.

ఆ మాటకి నేను ఏడుస్తానని ఎవరైనా ముందు చెప్తే నమ్మేదాన్ని కాదు. రెండు ఘడియలు ఆరు ఘడియలయ్యాయి. బాబాయ్‌ని, ఎక్కడ తిరిగొచ్చావయ్యా పది రోజులు అని తిట్టింది. ఆయన తిట్లన్నీ కూర్చుని వరసగా విన్నాడు, మారు వడ్డించుకున్న ఉప్మా తిన్నంత ఇష్టంగా.

తరవాత మెల్లగా మసకేసింది. ఎప్పుడొచ్చావే పేరీ అని అడిగింది. ఇప్పుడే వచ్చాను పిన్నీ అన్నాను. కాఫీ ఇచ్చింది. గ్లాసు కింద పెట్టగానే, ఎప్పుడొచ్చావే పేరీ అంది. ఇప్పుడే పిన్నీ అన్నాను. కాఫీ ఇచ్చింది. బాబాయ్ కంగారుపడి, ఊరికే అదే అడుగుతుంది, విసుక్కోకమ్మా అన్నాడు. నేను నవ్వాను. నూట ఎనిమిదిసార్లు సాధన చేసి వచ్చాను, ఆయనకేం తెలుసు.

సాయంత్రం బయల్దేరేటప్పుడు గడప దిగి, మెలిక దాటి, వీధిలోకి వచ్చి, చుట్టూ ఎక్కడా గీత లేని మట్టి మీద నిలబడ్డాను. కాళ్ళ కింద రెండుసార్లు చూసుకున్నాను. అప్పుడు, వెళ్ళొస్తాను పిన్నీ అన్నాను. మంచిదమ్మా, వెళ్ళిరా అంది. ఈ మాటని పట్టుకుని చేయించేది ఏదీ లేదు.

పదిహేనో రోజు, గురువారం

చెప్పుల కింద మెలిక వేసినందుకు కూర్మయ్యగారు నన్ను మూడో తరగతికి దించారు. ఆ కాగితంతో పాటే, లెక్కలో లేని ఘడియపిండి పొట్లం ఒకటి పంపారు. మీద "తొగరువాకకి" అని రాసి ఉంది. కాగితం తెచ్చిన బంట్రోతు చేతిలో నాలుగు దోసకాయలు పెట్టాను. ఇంట్లో ఇంకా మూడు వందలున్నాయి.

పొద్దున తొగరువాక వెళ్ళాను. పిన్ని వాకిట్లో ఉంది.

ఎప్పుడొచ్చావే పేరీ అంది. వచ్చాను పిన్నీ అన్నాను.